మూడో రోజు నాలుగు, నాలుగో రోజు తొమ్మిది

ప్రశ్న: డాక్టరుగారూ, నమస్తే. మా బాబుకి అయిదో నెల. 35 వారాలకే పుట్టాడు. పోయిన నెల మా పెద్దపాపకి స్కూల్లో జలుబు అంటుకుంది, రెండు రోజులకి వీడికీ వచ్చింది. మూడో రోజు ఆయాసంగా ఉందని మండల కేంద్రంలో పిల్లల డాక్టరుగారికి చూపించాం. బ్రాంకియోలైటిస్ అన్నారు. "స్కోరు నాలుగే, భయం లేదు" అని ముక్కులో వేసే చుక్కలు రాసి పంపారు. మర్నాడు రాత్రికి పాలు మానేశాడు, డొక్కలు ఎగరేశాడు. బండి మాట్లాడుకుని 40 కిలోమీటర్లు టౌన్‌కి పరుగెత్తాం. అక్కడ "స్కోరు తొమ్మిది" అని చేర్చుకుని నాలుగు రోజులు ఆక్సిజన్ పెట్టారు. ఇప్పుడు ఇంటికొచ్చాం. దగ్గు మాత్రం పోలేదు. మొదటి డాక్టరుగారు తప్పు చూశారని మా బావగారు వెళ్ళి గొడవ పెట్టుకుంటానంటున్నారు. రెండు చోట్లా ఎక్స్‌రే కూడా తీయలేదని ఆయన కోపం. అసలు ఆ స్కోరు ఏమిటి? ఒక్క రోజులో నాలుగు తొమ్మిది ఎలా అవుతుంది? ఇంకోసారి ఇలా వస్తే మేమే ఇంట్లో వేసుకోవచ్చా? స్నానం చేయించాక సాంబ్రాణి పట్టాలని అత్తమ్మ అంటున్నారు, పట్టొచ్చా? రెండు చీటీల ఫోటోలు పంపుతున్నాను.
— ఒక తల్లి, సూర్యాపేట జిల్లా

జవాబు: అమ్మా, ముందు మీ బావగారి కోపం సంగతి చూద్దాం. మీరు పంపిన రెండు చీటీలూ పక్కపక్కన పెట్టుకుని నిదానంగా చదివాను. లెక్కలో ఇద్దరు డాక్టర్లూ పొరపాటు పడలేదు. మూడో రోజు మధ్యాహ్నం బాబు స్కోరు నిజంగానే 4. నాలుగో రోజు రాత్రి నిజంగానే 9. మధ్యలో దాదాపు ముప్పై గంటలు గడిచాయి, ఆ ముప్పై గంటల్లో జబ్బు ముదిరింది. మొదటి చీటీలో ఒక లోటు ఉన్న మాట వాస్తవం. అది స్కోరు లెక్కలో మాత్రం లేదు. దాని గురించి కింద రాస్తాను.

బ్రాంకియోలైటిస్ అంటే ఊపిరితిత్తుల్లోని సన్న గొట్టాలు వాచే జబ్బు. ఇది నడిచే తీరు తెలిస్తే మిగతాది సులువుగా అర్థమవుతుంది. మొదటి ఒకటి రెండు రోజులు మామూలు జలుబులాగే ఉంటుంది: ముక్కు కారడం, కొంచెం జ్వరం. మూడో రోజుకీ అయిదో రోజుకీ మధ్య బాగా ముదురుతుంది. ఆ తర్వాత మెల్లగా దిగుతుంది. దగ్గు ఒక్కటి మూడు వారాల దాకా సాగుతుంది. అంటే మూడో రోజు చూపించిన బిడ్డ ఇంకా గుట్ట ఎక్కుతూనే ఉన్నాడన్నమాట. అదే 4 ఆరో రోజు వచ్చి ఉంటే నేను కూడా నిశ్చింతగా ఇంటికి పంపేవాణ్ణి. మూడో రోజు వచ్చిన 4 వేరు, ఆరో రోజు వచ్చిన 4 వేరు. స్కోరు కాగితంలో "ఇది ఎన్నో రోజు" అని అడిగే గడి లేదు.

పెద్దపాపకి ముక్కు కారి పోయిన జలుబు తమ్ముణ్ణి ఎందుకింత ఇబ్బంది పెట్టిందని మీకు అనిపించి ఉంటుంది. వైరస్ ఒకటే. ఎక్కువ మందిలో అది ఆర్‌ఎస్‌వి అనే ఊపిరిగొట్టాల వైరస్. 1956లో దీన్ని మొదట జలుబు చేసిన చింపాంజీల్లో కనిపెట్టారు, ఆ తర్వాత కొద్దికాలానికే జబ్బుపడ్డ పసిపిల్లల్లోనూ దొరికింది. తేడా అంతా ఊపిరిగొట్టాల సైజులో ఉంది. బోరు పైపులో కొంచెం పాచి పట్టినా నీళ్ళు వస్తూనే ఉంటాయి. డ్రిప్ పైపులో అంతే పాచి పడితే చుక్క రాదు. పసివాడి ఊపిరితిత్తుల్లో చివరి కొమ్మలు డ్రిప్ పైపులకన్నా సన్నం. వాటి లోపలి పొర వాచి, కఫం చేరి, దారి సగానికి తగ్గితే గాలి పోవడానికి పడే కష్టం రెట్టింపుతో ఆగదు, దాదాపు పదహారు రెట్లు అవుతుంది. అందుకే మధ్యాహ్నం నవ్వుతూ ఆడిన బిడ్డ రాత్రికి డొక్కలు ఎగరేయగలడు.

ఇక స్కోరు. మీ రెండు చీటీల మీదా నాలుగు గళ్ళు ఉన్నాయి: ఊపిరి వేగం, పిల్లికూతలు, ఛాతీ లోపలికి లాక్కుపోవడం, బిడ్డ వాలకం. దీన్ని వాంగ్ స్కోరు అంటారు. ఇద్దరు వేర్వేరు మనుషులు ఒకే బిడ్డని చూస్తే ఒకే మాట చెబుతారా లేదా అని పరీక్షిస్తూ కెనడా వైద్యులు 1992లో ప్రచురించిన పద్ధతి ఇది. ఒక్కో గడికి 0 నుంచి 3 దాకా వేస్తారు, మొత్తం 12. మామూలుగా 3 దాకా స్వల్పం, 4 నుంచి 8 మధ్యస్థం, 9 నుంచి 12 తీవ్రం అని లెక్క. ఇక్కడే ఒక మాట గమనించండి. మీకు "నాలుగే, భయం లేదు" అన్నారు. నిజానికి 4 అంటే స్వల్పం దాటి మధ్యస్థంలో మొదటి మెట్టు.

మీ చీటీల్లోని అంకెలనే చూద్దాం. మూడో రోజు బాబు నిమిషానికి 48 సార్లు ఊపిరి తీశాడు. 46 నుంచి 60 మధ్య ఉంటే 2 మార్కులు. పిల్లికూతలు స్టెతస్కోపు పెడితేనే వినపడ్డాయి: 1. పక్కటెముకల మధ్య మాత్రమే లాగింది: 1. ఆడుతున్నాడు, పాలు తాగుతున్నాడు: 0. మొత్తం 4. నాలుగో రోజు రాత్రి ఊపిరి 58. ఇదీ 46 నుంచి 60 మధ్యే, అందుకని మళ్ళీ 2. పిల్లికూతలు స్టెతస్కోపు లేకుండానే వినిపించాయి: 2. గొంతు కింద గుంట పడుతోంది: 2. పాలు మానేసి మగతగా ఉన్నాడు: 3. మొత్తం 9.

ఈ లెక్కలో మీకు రెండు విషయాలు కనపడాలి. మొదటిది, బాబు నిమిషానికి పది ఊపిర్లు ఎక్కువ తీస్తున్నా ఆ గడిలో మార్కు కదలలేదు, ఎందుకంటే 48, 58 రెండూ ఒకే మెట్టు మీద ఉన్నాయి. అదే ఒక బిడ్డ 45 నుంచి 46కి వెళ్తే మాత్రం ఒక మార్కు పెరుగుతుంది. రెండోది, 4 నుంచి 9కి పెరిగిన అయిదు మార్కుల్లో మూడు ఒకే గడిలోంచి వచ్చాయి: వాలకం. ఆ గడిలో మధ్య మెట్లు లేవు. బాగుంటే 0, చికాకుగా, మగతగా ఉన్నా పాలు సరిగ్గా తాగకపోయినా నేరుగా 3. మీరు చూడగానే "వీడికి బాలేదు" అని భయపడి బండి మాట్లాడుకోవడానికి కారణమైన లక్షణాలే అక్కడ మూడు మార్కులయ్యాయి. ఏ కాగితం లేకుండా మీరు వేసిన అంచనా సరైనదే.

ఇంకో సంగతి. అన్ని ఆసుపత్రులూ ఒకే స్కోరు వాడవు. వాంగ్ కన్నా ముందే 1983లో వచ్చిన టాల్ స్కోరు ఉంది, దాన్ని తర్వాత సవరించారు. సవరించిన దాంట్లో ఆరు నెలల లోపు పిల్లలకి ఊపిరి మెట్లు వేరుగా ఉంటాయి. 40 దాకా 0, 55 దాకా 1, 70 దాకా 2, ఆపైన 3. అంటే మీ బాబు 48కి వాంగ్ స్కోరులో 2 పడితే అక్కడ 1 పడుతుంది. నాకు ఈ వయసు విభజన నచ్చుతుంది. ఎందుకంటే రెండు నెలల పసికందు నిమిషానికి 40 సార్లు ఊపిరి తీయడం మామూలే, వాంగ్ పద్ధతిలో ఆ ఆరోగ్యమైన బిడ్డకి కూడా ఊరికే ఒక మార్కు పడిపోతుంది. అయితే సవరించిన టాల్‌లో పాలు తాగడం గురించి గడి లేదు, దాని బదులు రక్తంలో ఆక్సిజన్ శాతం ఉంటుంది. 1987లో అమెరికాలో వచ్చిన ఆర్‌డిఏఐ అనే ఇంకో స్కోరులో పిల్లికూతలకి 8, ఛాతీ లాగడానికి 9, మొత్తం 17 మార్కులు. ఇలాంటివి పదుల సంఖ్యలో ఉన్నాయి. కాబట్టి ఎప్పుడైనా డాక్టరు "స్కోరు ఆరు" అంటే, "ఎంతకి ఆరు సార్?" అని అడగండి. పన్నెండుకి ఆరు వేరు, పదిహేడుకి ఆరు వేరు. అడిగితే ఎవరూ ఏమీ అనుకోరు.

పిల్లికూతలకి అన్ని మార్కులు ఇచ్చే స్కోరుతో నాకు చేదు అనుభవం ఉంది. చదువుకునే రోజుల్లో, రాత్రి డ్యూటీలో, మూడు నెలల పాప ఒకతె ఆయాసంతో చేరింది. రాత్రి పదకొండుకి ఛాతీ మీద స్టెతస్కోపు పెడితే రెండు వైపులా పిల్లికూతలే, స్కోరు ఎక్కువగా ఉంది. తెల్లవారుజామున నాలుగింటికి మళ్ళీ పెట్టాను. కూతలు దాదాపు లేవు. ఛాతీ లాగడం కూడా తగ్గింది. లెక్క వేస్తే స్కోరు సగానికి పడిపోయింది. బాగవుతోందని సంతోషంగా కాగితం మీద రాసుకున్నాను. వార్డులో పెద్ద సిస్టర్ ఒకావిడ పాప అరికాలు గిల్లి, "డాక్టర్, ఇందాక గిల్లితే ఏడ్చింది, ఇప్పుడు ఏడవట్లేదు చూశారా" అన్నారు. మళ్ళీ స్టెతస్కోపు పెట్టి ఈసారి కూతల కోసం వెతక్కుండా గాలి కోసం విన్నాను. గాలే సరిగ్గా లోపలికి పోవట్లేదు. పాప అలసిపోయింది. కూత పుట్టాలన్నా గొట్టంలో గాలి కదలాలి కదా. ఛాతీ లాగాలన్నా కండరాల్లో సత్తువ ఉండాలి. వెంటనే ఐసియుకి తరలించాం, పాప బతికింది. అప్పటినుంచి స్కోరు తగ్గిన ప్రతి బిడ్డనీ ఒకసారి కళ్ళలోకి చూసి, చేయి పట్టుకుని, తల్లి రొమ్ముకి పెట్టించి చూశాకే తగ్గిందని రాస్తున్నాను.

ఆక్సిజన్ అంకె గురించి కూడా చెప్పాలి, ఎందుకంటే ఈ రోజుల్లో అందరి కళ్ళూ దాని మీదే. మీ మొదటి చీటీలో 95, రెండో చీటీలో 91 ఉంది. ఆరు వారాలు దాటిన, ఇతర జబ్బులేమీ లేని పిల్లల్లో 90 కన్నా తగ్గితే ఆక్సిజన్ పెట్టాలని బ్రిటన్ మార్గదర్శకాలు చెబుతాయి. అమెరికా వాళ్ళదీ దాదాపు ఇదే మాట. అలాంటప్పుడు 91కే ఎందుకు పెట్టారంటే, ఆ డాక్టరుగారు ఒక్క అంకెనే చూడలేదు. పాలు మానేసి, మగతగా, గొంతు కింద గుంట పడుతున్న, నెలలు నిండకుండా పుట్టిన బిడ్డని చూశారు. నేనైనా పెట్టేవాణ్ణి.

ఈ అంకె డాక్టర్ల మీద కూడా ఎంత ఒత్తిడి తెస్తుందో చెప్పే పరిశోధన ఒకటి 2014లో వచ్చింది. టొరంటోలో జరిగింది. ఎమర్జెన్సీకి వచ్చిన 213 మంది పిల్లల్ని రెండు భాగాలు చేశారు. వాళ్ళలో ఎవరికీ జబ్బు తీవ్రంగా లేదు. ఒక భాగానికి మామూలు ఆక్సీమీటరు, ఇంకో భాగానికి అసలు కన్నా మూడు పాయింట్లు ఎక్కువ చూపించేలా మార్చిన ఆక్సీమీటరు పెట్టారు. అసలు అంకె కనపడ్డ పిల్లల్లో 41 శాతం మందికి ఆసుపత్రిలో ఉండాల్సి వచ్చింది, పెంచిన అంకె కనపడ్డవాళ్ళలో 25 శాతం మందికే. ఇంటికి వెళ్ళాక మళ్ళీ రావాల్సి వచ్చినవాళ్ళ విషయంలో చెప్పుకోదగ్గ తేడా లేదు. జబ్బు ఒకటే, అంకె మారితే నిర్ణయం మారింది. ఇక ఇంట్లో వాడే వేలి ఆక్సీమీటరు పసివాళ్ళ వేలికి సరిపోదు. పెద్దవాళ్ళ వేలికి చేసిన క్లిప్పు అది. బిడ్డ కాలు కదిపితే 80 చూపిస్తుంది, మీకు టెన్షన్. ఒక్కోసారి 98 చూపిస్తుంది, అది ఇంకా ప్రమాదం, ధైర్యంగా ఇంట్లోనే ఉండిపోతారు. కొనకండి. ఇంట్లో ఉంటే బాబుకి పెట్టకండి.

ఇప్పుడు మొదటి చీటీలోని లోటు. ఆ కాగితం మీద ఊపిరి వేగం ఉంది, ఆక్సిజన్ ఉంది, స్కోరు ఉంది. మళ్ళీ ఎప్పుడు రావాలో, ఏం కనపడితే రాత్రయినా పరుగెత్తాలో లేదు. బాబు 35 వారాలకే పుట్టాడన్నది లేదు. పెద్దాసుపత్రి 40 కిలోమీటర్ల దూరం అన్నది లేదు. ఇవేవీ స్కోరు గళ్ళలో ఉండవు, కానీ ఇంటికి పంపాలా ఉంచాలా అన్నది తేల్చేవి ఇవే. మూడు నెలల లోపు వయసు, నెలలు నిండకుండా పుట్టడం, పుట్టుకతో గుండె జబ్బు, ఊపిరితిత్తుల జబ్బు, నరాల కండరాల బలహీనత ఉన్న పిల్లల్లో ఈ జబ్బు తొందరగా ముదురుతుంది. మీ బాబుని నేను చూసి ఉంటే ముక్కు శుభ్రం చేయించి, నా ముందే ఒకసారి పాలు పట్టించి, రెండు గంటలు కూర్చోబెట్టి మళ్ళీ లెక్కపెట్టేవాణ్ణి. ఇంటికి పంపినా, "రేపు బాగున్నా సరే తీసుకురండి" అనేవాణ్ణి. మీ బావగారికి నా మాటగా చెప్పండి, గొడవ వద్దు. రెండు చీటీలూ పట్టుకెళ్ళి, ఇంటికి పంపాక ఏం జరిగిందో ఆ డాక్టరుగారికి వివరంగా చెప్పండి. ఇంటికి పంపిన బిడ్డ ఏమయ్యాడో మాకు చాలాసార్లు తెలియదు. తెలిస్తే తర్వాత వచ్చే బిడ్డకి ఆ రెండు మాటలూ చీటీ మీద రాస్తాం.

ఇంట్లో స్కోరు వేసుకోవచ్చా అని అడిగారు. తల్లిదండ్రులు కూడా నింపగలిగేలా స్పెయిన్ వైద్యులు రెస్‌వినెట్ అనే కొలమానం ఒకటి తయారుచేసి 2016లో ప్రచురించారు, మొత్తం 20 మార్కులు. మంచి ప్రయత్నమే. కానీ రాత్రి రెండింటికి, బిడ్డ ఏడుస్తుంటే, కాగితం ముందు పెట్టుకుని మార్కులు కూడమని మీకు చెప్పలేను. దానికన్నా మూడు పనులు చేయండి. గోడ మీద క్యాలెండర్ మీదే రాసుకోండి.

మొదటిది ఊపిరి లెక్క. బిడ్డ నిద్రపోతున్నప్పుడో, పాలు తాగి ప్రశాంతంగా ఉన్నప్పుడో చొక్కా పైకెత్తి పొట్ట కనపడేలా పడుకోబెట్టండి. ఏడుస్తున్నప్పుడు లెక్కపెట్టకండి, జ్వరం ఉంటే తగ్గాక ఇంకోసారి లెక్కపెట్టండి. ముక్కు మూసుకుపోయి ఉంటే ముందు సెలైన్ చుక్కలు వేసి, తుడిచి, పది నిమిషాలు ఆగండి. మూసుకుపోయిన ముక్కు ఒక్కటే ఆయాసాన్ని ఎంత పెంచి చూపిస్తుందో చుక్కలు వేశాక మీకే తెలుస్తుంది. ఫోన్‌లో నిమిషం టైమర్ పెట్టి పొట్ట లేచిన ప్రతిసారీ ఒకటి లెక్కపెట్టండి. పూర్తి నిమిషం లెక్కపెట్టాలి. పావు నిమిషం లెక్కపెట్టి నాలుగుతో హెచ్చవేస్తే పసిపిల్లల విషయంలో తప్పు వస్తుంది, వాళ్ళ ఊపిరి కాసేపు వేగంగా, కాసేపు నెమ్మదిగా నడుస్తుంది. మీ ఊరి ఆశా కార్యకర్తకి ఈ లెక్క తెలుసు: రెండు నెలల లోపు 60, రెండు నెలల నుంచి ఏడాది లోపు 50, ఆ అంకె చేరితే వేగంగా ఉన్నట్టు. ఈ జబ్బులో చాలామంది పిల్లలు 50 దాటుతారు, దాటగానే ప్రాణం మీదికి వచ్చిందని కాదు, అదే రోజు డాక్టరుకి చూపించాలని. 60 దాటితే మాత్రం గంటలు లెక్కపెట్టకుండా బయల్దేరండి.

రెండోది పాలు. డబ్బా పాలైతే ఎంత తాగాడో తెలుస్తుంది. రొమ్ము పాలైతే తీరు చూడాలి. ఆయాసం ఉన్న బిడ్డ నాలుగు గుక్కలు తాగి వదిలేస్తాడు, ఊపిరి పీల్చుకుంటాడు, మళ్ళీ పట్టుకుంటాడు, రెండు గుక్కలకే మళ్ళీ వదిలేస్తాడు. ఆకలి ఉంటుంది, తాగలేడు. ముక్కుపుటాలు అదురుతుంటాయి. అలా మొదలైతే తక్కువ తక్కువగా, గంటన్నర రెండు గంటలకోసారి పట్టండి. రోజూ తాగేదాంట్లో సగానికి తగ్గిందనిపిస్తే ఆసుపత్రికి వెళ్ళాలి. స్కోరు ఎంతన్నా సరే.

మూడోది డైపర్. పన్నెండు గంటలు గడిచినా మూత్రం పోయలేదంటే ఒంట్లో నీళ్ళు తగ్గిపోతున్నాయి.

ఇవి కాక, కనపడగానే 108కి ఫోన్ చేయాల్సినవి ఉన్నాయి: పెదాలు, నాలుక నీలంగా మారడం (చామనఛాయ పిల్లల్లో పెదాలకన్నా నాలుక చూడండి, బాగా తెలుస్తుంది), ఊపిరి వదిలినప్పుడల్లా మూలుగు, పది సెకన్లు ఊపిరి ఆగడం, లేపినా లేవకపోవడం, ఒళ్ళు వేలాడేయడం. మరీ చిన్న పిల్లల్లో, నెలలు నిండకుండా పుట్టినవాళ్ళలో ఆయాసం ఏమీ లేకుండా ఊపిరి ఆగడమే మొదటి లక్షణంగా వస్తుంది. వీలైతే చొక్కా ఎత్తి అర నిమిషం వీడియో తీసుకోండి. ఆసుపత్రికి వెళ్ళేసరికి బిడ్డ ఏడుస్తుంటే ఆ వీడియో మాకు చాలా పనికొస్తుంది.

ఎక్స్‌రే సంగతి. తీయకపోవడం సరైన పనే. ఈ జబ్బుని గుర్తించేది కళ్ళతో, చెవులతో. ఎక్స్‌రేలో కనపడే మసకని చూసి న్యుమోనియా అనుకుని అనవసరంగా యాంటీబయాటిక్ మొదలుపెట్టడం ఎక్కువసార్లు జరిగే పొరపాటు. వైరస్ మీద యాంటీబయాటిక్ పనిచేయదు. మామూలు బ్రాంకియోలైటిస్‌కి ఉబ్బసం మందు ఆవిరిగా పట్టడం, స్టెరాయిడ్లు కూడా వద్దని 2014లో అమెరికా పిల్లల వైద్యుల అకాడమీ స్పష్టంగా రాసింది. టౌన్ ఆసుపత్రిలో బాబుకి ఆక్సిజన్, సెలైన్, ముక్కు శుభ్రం చేయడం తప్ప ఇంకేమీ చేయలేదని మీ చీటీ చెబుతోంది. డబ్బు దండగ చేయని మంచి వైద్యం జరిగింది, బావగారికి ఈ మాట కూడా చెప్పండి.

దగ్గు ఇంకో పది రోజులు ఉన్నా కంగారు పడకండి. దగ్గు మందు పోయకండి. జలుబు, దగ్గులకి మందుల షాపుల్లో దొరికే క్లోర్‌ఫెనిరమైన్, ఫినైలెఫ్రిన్ కలిపిన చుక్కలు నాలుగేళ్ళ లోపు పిల్లలకి వాడకూడదని సీసా మీద రాయాలని 2023లో కేంద్ర ఔషధ నియంత్రణ సంస్థ ఆదేశించింది. తేనె కూడా ఏడాది నిండేదాకా వద్దు.

అత్తమ్మగారితో నెమ్మదిగా చెప్పండి, ఆమె ప్రేమతోనే అంటున్నారు. సాంబ్రాణి పొగ ఇప్పుడు అసలు వద్దు. వాచి ఉన్న సన్న గొట్టాల్లోకి ఏ పొగ పోయినా వాపు ఇంకా పెరుగుతుంది: సాంబ్రాణి, ఊదుబత్తి, దోమల కాయిల్, కట్టెల పొయ్యి, ఇంట్లో ఎవరైనా బీడీ సిగరెట్ తాగితే అది. స్నానం తర్వాత బిడ్డ తల వెచ్చగా ఉండాలన్నది ఆమె కోరిక, మెత్తటి పొడి బట్టతో తల తుడిచి టోపీ పెడితే ఆ పని అవుతుంది. ముక్కులో నూనె చుక్కలు వేయడం, గొంతులో వేలు పెట్టి కఫం తీయడం, ఛాతీకి కర్పూరం రాయడం కూడా మానేయమనండి. ముక్కులో వేసిన నూనె నేరుగా ఊపిరితిత్తుల్లోకి జారిపోయే ప్రమాదం ఉంది. ఇంకా కొన్ని చోట్ల డొక్కలు ఎగరేస్తే పొట్ట మీద చురకలు పెట్టిస్తున్నారు. ఎవరైనా ఆ సలహా ఇస్తే గట్టిగా వద్దనండి. ఆ బిడ్డకి ఊపిరి అందక ఉన్న బాధకి కాలిన పుండు తోడవుతుంది, ఆసుపత్రికి చేరే సమయమూ పోతుంది.

ఆరు నెలలు నిండగానే ఫ్లూ టీకా వేయించండి, మొదటి ఏడాది నాలుగు వారాల తేడాతో రెండు డోసులు. అది ఆర్‌ఎస్‌వికి పనిచేయదు, కానీ ఈ ఊపిరితిత్తులకి ఇంకో దెబ్బ తగలకుండా ఉంటుంది.

చివరగా పెద్దపాప. స్కూలు నుంచి రాగానే సబ్బుతో చేతులు కడుక్కుని, బట్టలు మార్చుకున్నాక తమ్ముణ్ణి ఎత్తుకోమనండి. జలుబు చేసిన నాలుగైదు రోజులు ముద్దులు పెట్టకుండా చూడండి. తన వల్లే తమ్ముడికి అలా అయ్యిందని ఆ పిల్ల ముందు ఎవరూ అనకండి. ఇప్పటికే అని ఉంటే, కూర్చోబెట్టుకుని, తప్పు తనది కాదని చెప్పండి. ఊపిరి లెక్కపెట్టేటప్పుడు ఫోన్‌లో టైమర్ పట్టుకునే పని తనకివ్వండి.